పిన్ని ఫైల్లో పదిహేడు రెన్యువల్స్

నేను ఐదేళ్లలో మూడు కంపెనీలు మారాను. మా ఫీల్డ్‌లో ‘పర్మనెంట్’ అంటే ఆఫర్ లెటర్‌లో ఓ మాట, అంతే. నోటీస్ పీరియడ్ ఇస్తే వాళ్లైనా పంపేయొచ్చు, నేనైనా వెళ్లిపోవచ్చు. మా పిన్నికి మాత్రం ఆ ఒక్క మాట కోసం సగం జీవితం ఎదురుచూపులకే సరిపోయింది.

పిన్ని ఆంధ్రాలో ఓ ప్రభుత్వాసుపత్రిలో కాంట్రాక్ట్ ల్యాబ్ టెక్నీషియన్. 2008లో చేరింది. పేపర్లో నోటిఫికేషన్ పడింది, జిల్లా కమిటీ మెరిట్ లిస్టు తీసింది, రోస్టర్ ప్రకారం పోస్టు ఇచ్చారు. ఏటా మార్చి 31తో కాంట్రాక్ట్ అయిపోతుంది. కొత్త ఆర్డర్ జూన్‌లోనో జులైలోనో వస్తుంది. అప్పటిదాకా జీతం రాదు, పని మాత్రం ఆగదు. డెంగీ సీజన్‌లో అయితే భోజనానికి లేచే తీరిక కూడా ఉండదు. ఇప్పుడు ఆమెకి 49. మళ్లీ పోటీ పరీక్ష రాద్దామన్నా వయసు దాటిపోయింది.

కిందటి సంక్రాంతికి ఇంటికెళ్లినప్పుడు ఆ కాగితాలన్నీ స్కాన్ చేశాను. పదిహేడు రెన్యువల్ ఆర్డర్లు! ‘ఇన్నేళ్లు చేసింది కదా, కోర్టుకెళితే పర్మనెంట్ చేసేయరా?’ అని చుట్టాలంతా అంటారు. చట్టం అంత సులువుగా లేదు.

ఏళ్లు ఒక్కటే చాలవు

2006 ఏప్రిల్ 10న సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం ‘ఉమాదేవి’ కేసులో తీర్పిచ్చింది. ఎన్నేళ్లు పనిచేసినా, అది మాత్రమే చూపించి పర్మనెంట్ అడిగే హక్కు రాదంది. ఎందుకంటే రాజ్యాంగంలోని 14, 16 అధికరణాలు ప్రభుత్వ ఉద్యోగానికి పోటీపడే అవకాశం అందరికీ ఇచ్చాయి. నా ఫ్రెండ్ ఒకడు విజయవాడలో నాలుగేళ్లుగా గ్రూప్‌-2కి చదువుతున్నాడు. ‘సిఫార్సుతో చేరినవాళ్లని పర్మనెంట్ చేస్తే, నోటిఫికేషన్ కోసం కూర్చున్న మేమేమైపోవాలిరా?’ అంటాడు. వాడి బాధా నిజమే.

అయితే అదే తీర్పు ఒక తలుపు తెరిచే ఉంచింది. మంజూరైన పోస్టు ఉండి, అర్హత ఉండి, కోర్టు ఆర్డర్ల అండ లేకుండా పదేళ్లు దాటి పనిచేసినవాళ్ల నియామకంలో చిన్న లోపాలుంటే, ఒక్కసారికి క్రమబద్ధీకరించమంది. అంటే పద్ధతిలో లోటున్న నియామకం వేరు, అసలు చట్టవిరుద్ధమైన నియామకం వేరు. పిన్నిది దొడ్డిదారి కాదు. ఆమె కూడా పోటీపడే వచ్చింది.

ఈ తీర్పునే అడ్డం పెట్టుకుని చాలా శాఖలు ఏళ్ల తరబడి ‘కుదరదు’ అంటూ వచ్చాయి. 2024 డిసెంబర్‌లో ‘జగ్గో’ కేసులో సుప్రీంకోర్టు దీన్ని తప్పుపట్టింది. కేంద్ర జల సంఘంలో ఏళ్లుగా పనిచేసి, 2018లో తీసేసిన పారిశుధ్య, తోట పని చేసేవాళ్ల కేసు అది. వాళ్లని వెనక్కి తీసుకుని క్రమబద్ధీకరించమంది. ఎప్పుడూ ఉండే పనికి ‘తాత్కాలికం’ అని పేరు పెట్టి నడిపించడం అన్యాయమంది.

పక్క కుర్చీకి వేరే లెక్క

పిన్ని పక్కన కూర్చుని రిపోర్టులు ఎంటర్ చేసే అమ్మాయి అవుట్‌సోర్సింగ్. ఇద్దరిదీ ఒకే గది, ఒకే టైమింగ్. కానీ ఆ అమ్మాయికి ప్రభుత్వం ఇచ్చిన ఆర్డరే లేదు, మధ్యలో ఏజెన్సీ ఉంది. 2023లో ఆంధ్రప్రదేశ్ చేసిన క్రమబద్ధీకరణ చట్టం కూడా 2014 జూన్ 2 నాటికి ఉన్న కాంట్రాక్ట్ ఉద్యోగుల కోసమే. అవుట్‌సోర్సింగ్ వాళ్లు అందులోకి రారు. తెలంగాణలో కూడా 2023 ఏప్రిల్ 30న 5,544 మందిని రెగ్యులర్ చేసినప్పుడు, వాళ్లంతా కాంట్రాక్ట్ ఉద్యోగులే.

పిన్ని ఫైలు ఇంకా ‘పరిశీలన’లోనే ఉంది.

ఈలోపు అడగాల్సినవి

పర్మనెంట్ కాకపోయినా కొన్ని హక్కులున్నాయి. రెగ్యులర్ ఉద్యోగి చేసే పనే చేస్తుంటే, ఆ పోస్టు పే స్కేల్‌లో కనీస వేతనం ఇవ్వాలని 2016లో ‘జగ్జీత్ సింగ్’ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. రోజుకూలీ మీద పనిచేసే మహిళలకు కూడా ప్రసూతి ప్రయోజనాలు ఇవ్వాలని 2000లోనే చెప్పింది. పైన చెప్పిన అమ్మాయిలాంటి వాళ్లు పీఎఫ్ నిజంగా జమవుతోందో లేదో ఫోన్లోనే చూసుకోవచ్చు.

ఇంట్లో ఇలాంటి ఉద్యోగి ఉంటే ఈ ఆదివారం ఓ గంట కూర్చోండి. మొదటి నోటిఫికేషన్, మెరిట్ లిస్టు, అపాయింట్‌మెంట్ ఆర్డర్, ప్రతి రెన్యువల్, జీతం పడ్డ బ్యాంక్ స్టేట్‌మెంట్లు అన్నీ స్కాన్ చేయండి. పోస్టు మంజూరైందో కాదో తెలియకపోతే ఆర్‌టీఐ వేయండి. 30 రోజుల్లో జవాబివ్వాలి. రాష్ట్ర ఉద్యోగులైతే హైకోర్టులో రిట్ వేయొచ్చు, కేంద్ర ఉద్యోగులకు క్యాట్ ఉంది.

కోర్టు చూసేది మన కష్టాన్ని ఒక్కటే కాదు, మనం లోపలికి ఏ దారిలో వచ్చామన్నది కూడా. ఆ దారిని చూపించేది పాత కాగితాలే. మా పిన్ని దగ్గర 2008 నాటి మెరిట్ లిస్టు జిరాక్స్ ఒక్కటే ఉంది, అక్షరాలు వెలిసిపోతున్నాయి. ధృవీకరించిన కాపీ కోసం పోయిన వారమే ఆర్‌టీఐ వేయించాను.