అద్దముపై ద్వంద్వయుద్ధము

గత వేసవి సెలవులలో నొకనాటి సాయంకాలమున మా చిన్నవాడు సెల్‌ఫోనుపై వంగి, బొటనవ్రేళ్లతో అద్దమును రాయుచు లోకము మఱచి యుండెను. తొంగి చూచితిని. తెరపై నిద్దఱు యోధులు పోరాడుచుండిరి. నా గుండె యొకింత వేగముగా కొట్టుకొనెను. అది 1998వ సంవత్సరమున ప్లేస్టేషన్ యంత్రమునకై వెలువడిన టెక్కెన్ 3. ఉపాధ్యాయ శిక్షణ కళాశాలలో నున్న దినములలో, గంటకింత యని అద్దె చెల్లించి నేనాడిన యాటయే!

"ఫోనులోని కిది యెట్లు వచ్చెను?"

"ఎమ్యులేటరు నాన్నా. ఆట ఊరకనే దొరకినది."

ఎమ్యులేటరనగా పాత యంత్రపు నడవడిని క్రొత్త యంత్రముపై అనుకరించు ప్రోగ్రాము. అది తనంతట తాను నేరము కాదు. 2000వ సంవత్సరమున అమెరికాలో సోనీ, కనెక్టిక్స్ కంపెనీల వ్యాజ్యెమున, అట్టిదానిని తయారుచేయుటకై సోనీవారి ప్రోగ్రామును నకలు తీసి పరిశోధించుట న్యాయమైన వినియోగమే యని అప్పీలు కోర్టు తీర్పు చెప్పెను. ఆపిల్ వారును 2024 ఏప్రిల్‌లో తమ యాప్ స్టోరున వీనికి చోటిచ్చిరి. చిక్కంతయు ఆటతోనే. యంత్రము ననుకరింపవచ్చును గాని, ఆట రచించినవారి సొత్తు. పాతబడినంత మాత్రమున కాపీరైటు తీరదు.

ఇదంతయు వానికి బోధించితిని. బడిపంతులకు అలవాటు గదా! వాడు శ్రద్ధగా విని, "మీరాడిన డిస్కులు కొన్నవేనా నాన్నా?" అనెను.

ఆ డిస్కులపై పెన్నుతో వ్రాసిన పేర్లు నాకింకను కన్నులకు గట్టుచున్నవి. నకళ్లని నాకప్పుడును తెలియును. ఆ మాటయే వానితో చెప్పితిని. చెప్పుట సులభముగా నుండలేదు.

ఆ రాత్రి యిద్దఱమును వెదకి, ఎస్.ఎన్.కె. వారు 1996లో వెలువరించిన సామురాయ్ షోడౌన్ 4ను సొమ్ము చెల్లించి తెచ్చుకొంటిమి. అనుమతితో 2021 నుండి ఫోన్లకు అమ్ముచున్నారు. ఇదియు పాత నియో జియో యంత్రమును ఫోనులో అనుకరించునదే. వంతులవారీగా ఆడితిమి. క్రిందికి, మూలకు, ముందుకు వ్రేలెత్తక త్రిప్పి వెంటనే కత్తిమీట నొక్కినచో హవోమారు సుడిగాలి విసరును. పాత కంట్రోలరు మీటలకు అంచులుండెడివి. వ్రేలే దారి తెలిసికొనెడిది. అద్దమునకు అంచేది? నా వ్రేలు పొలిమేర దాటుటయు, శత్రువు నన్ను నఱకుటయు ఒక్కసారే జరుగుచుండెను. వాడు నవ్వి నవ్వి అలసెను.

పిమ్మట టెక్కెనును తానే తీసివేయబోయెను. ఒక్క పోటీ యాడి యిత్తునని నా నాలుక చివరకు వచ్చినది, మ్రింగుకొంటిని.