మా మనవరాలి పేరు బోధిసిరి

మా మనవరాలి పేరు వినగానే అందరూ అడిగే మొదటి మాట ఒకటే: "బోధిశ్రీనా అండీ?" కాదు, బోధిసిరి అని చెబుతాం. "ఎక్కడ దొరికింది ఈ పేరు?" అన్నది రెండో ప్రశ్న. రాతి మీద దొరికింది అంటే నవ్వుతారు. నిజంగానే రాతి మీదే దొరికింది. అదీ ఎక్కడో కాదు, మన కృష్ణ ఒడ్డున, నాగార్జునకొండ లోయలో.

ఈ పేరు ఖాయం చేసిన రోజు మా ఇంట్లో ఒక గొడవ జరిగింది. పేర్ల గురించి మేము చదివిన పుస్తకాలేవీ చెప్పని సంగతి ఆ గొడవ చెప్పింది. ధమ్మ బంధువులు చాలామంది పిల్లలకు కొత్త పేర్లు వెతుక్కుంటూ మమ్మల్ని అడుగుతుంటారు కాబట్టి ఆ పేరు సంగతీ, ఈ గొడవ సంగతీ రెండూ ఇక్కడ రాస్తున్నాం.

అమ్మాయికి కూతురు పుట్టగానే బంధువులు నక్షత్రం లెక్కగట్టారు. రోహిణి అట. ఓ, వ, వి, వు అక్షరాలతో పేరు పెట్టాలట. బాబాసాహెబ్ ఇచ్చిన 22 ప్రతిజ్ఞలలో ఎనిమిదోది బ్రాహ్మణుల చేత ఏ కర్మకాండా చేయించబోమన్నది. దీక్ష తీసుకున్న ఇంట్లో పంచాంగం అక్షరాలు ఇస్తే పుచ్చుకుంటామా? అమ్మాయి, అల్లుడు కూడా వద్దన్నారు. "మీరే పెట్టండి నాన్నా, కానీ అర్థం అడిగితే చెప్పగలిగేలా ఉండాలి" అంది అమ్మాయి.

సుజాత, విశాఖ, యశోధర, సంఘమిత్ర, గౌతమి. ఇవన్నీ మంచి పేర్లే. మా విహారానికి వచ్చే పిల్లల్లోనే ఇద్దరు ముగ్గురు సుజాతలున్నారు. మన నేల మీద నడిచిన ఒక ఉపాసిక పేరు పెట్టాలనిపించింది. కొందరు మిత్రులు చాంతిసిరి పేరు సూచించారు. ఇక్ష్వాకు రాజు చాంతమూలుడి సోదరి ఆమె. నాగార్జునకొండ మహాచైత్యం ఆమె దానంతో నిలబడింది. గొప్ప పేరే. కానీ రాజు ఇంటి ఆడపడుచు. మాకు మామూలు ఇంటి ఆడపిల్ల కావాలనిపించింది. అలా వెతికితే బోధిసిరి దొరికింది.

ముందు మాటల అర్థం చెప్పుకుందాం. ఇందులో రెండు మాటలున్నాయి. 'బోధి' అంటే మేలుకోవడం, తెలుసుకోవడం. 'బుధ్' అనే ధాతువు నుంచి బుద్ధుడు, బోధి, బోధ, ప్రబోధం అన్నీ వచ్చాయి. ఇది పండితుల మాట అనుకోనక్కరలేదు. "ఎంత చెప్పినా నాకు బోధపడలేదు" అని మన అమ్మలు రోజూ అనే మాటలో ఉన్నది అదే.

'సిరి' అన్నది సంస్కృతంలో శ్రీ. పాళీలో, ప్రాకృతంలో సిరి. రాజుల పేర్లకు ముందు చేరేది, ఆడవాళ్ల పేర్లకు చివర చేరేది. నాగార్జునకొండ శాసనాల్లో చాంతిసిరి, కొడబలిసిరి, బోధిసిరి అని వరుసగా కనిపిస్తారు. ప్రాకృతం మాట్లాడేవాళ్లు పోయారు గానీ ఈ మాట మాత్రం తెలుగు నోట్లో చెక్కుచెదరకుండా బతికింది. సిరిసంపదలు అంటాం, ఇంటికి సిరి వచ్చింది అంటాం. సిరి అంటే లక్ష్మీదేవే కదా, మీకెందుకు ఆ మాట అని ఒక మిత్రుడు అడిగాడు. జాతక కథల్లో సిరి, కాళకణ్ణి అని ఇద్దరు వస్తారు, ఒకరు భాగ్యం, ఇంకొకరు దౌర్భాగ్యం. నీకు ఎలాంటివాడు ఇష్టం అని అడిగితే సిరి అక్కడ చెప్పేది మనిషి నడత గురించే. మన సిరి ఆమె.

రెండు మాటలూ కలిపితే సమాసం. 'బోధి యొక్క సిరి' అని చెప్పుకోవచ్చు. 'బోధియే సిరి' అనీ చెప్పుకోవచ్చు. మేము రెండోదే పట్టుకున్నాం. తాతలిచ్చిన పొలం లేని ఇంట్లో పుట్టిన పిల్లకు చదువు, మెలకువ తప్ప వేరే ఆస్తి ఏముంటుంది? అదే సిరి.

ఇక ఆ బోధిసిరి ఎవరు? నాగార్జునకొండకు తూర్పున నహరాళ్లబోడు అనే గుట్ట ఉండేది. దాని మీది చైత్యగృహంలో నేల రాళ్ల మీద ఒక పొడవైన శాసనం దొరికింది. బ్రాహ్మీ లిపి, ప్రాకృత భాష. వీరపురుషదత్తుడి 14వ పాలనా సంవత్సరం నాటిది, అంటే క్రీస్తు శకం మూడో శతాబ్దం. ఎపిగ్రాఫియా ఇండికా 20వ సంపుటంలో వోగెల్ దాన్ని అచ్చు వేశాడు. సాగర్ ఆనకట్ట కట్టాక ఆ లోయంతా నీళ్లలో మునిగింది. కొండ ద్వీపమైంది. తవ్విన కట్టడాల్లో కొన్నింటిని మాత్రం కొండ మీదా, అనుపులోనూ మళ్లీ నిలబెట్టారు.

మేము లా చదివినవాళ్లం. ఊళ్లలో ఇళ్ల పట్టాలకూ దస్తావేజులకూ తిరిగి తిరిగి, ఏ రాత చూసినా ముందు ఇచ్చినదెవరు, పుచ్చుకున్నదెవరు, ఆస్తి వివరమేమిటి అని వెతకడం అలవాటైంది. ఈ శాసనం చదివితే అచ్చంగా దానపత్రం చదివినట్టే ఉంది. ఇచ్చినది ఉపాసిక బోధిసిరి. ఒక గృహపతి ఇంటి స్త్రీ. రాజు కూతురు కాదు, రాణి కాదు. పుచ్చుకున్నది తంబపణ్ణి, అంటే నేటి శ్రీలంక సంప్రదాయపు భిక్ఖు సంఘం. కాశ్మీరం, గాంధారం, చీనా, వంగం, వనవాసి, ద్రావిడ దేశాల వాళ్లకు ధమ్మం తెలిపినవారని వాళ్లను చెబుతుంది శాసనం.

ఆస్తి వివరం చూడండి. చూళధమ్మగిరి విహారంలో చైత్యగృహం. మరో విహారంలో ఇంకో చైత్యగృహం. సింహళ విహారంలో బోధివృక్షానికి ప్రాసాదం. పూర్వశైలంలో చెరువు, మండపం. కంటకసేలలో, అంటే నేటి కృష్ణా జిల్లా ఘంటసాలలో, మహాచైత్యం తూర్పు ద్వారం దగ్గర రాతి మండపం. ఒకచోట మూడు గదులు, ఇంకోచోట ఏడు గదులు. ఒక గృహస్థు ఇంటి స్త్రీ ఇన్ని ఊళ్లలో ఇన్ని కట్టించి, తన పేరుతో చెప్పుకుంది. ఆడదానికి స్వతంత్రం లేదని చెప్పిన స్మృతి ఉన్న దేశంలో ఈ రాయి కూడా ఉంది. ఆమె కులమేమిటో శాసనం చెప్పదు. అందుకని ఆమె మా కులందే అని మేము అనం. ఎవరి కులందీ అని చెప్పకుండా రాయి మిగిలిందంటే మాకు అదే చాలు.

ఇదంతా ఒక సాయంత్రం ఇంట్లో అందరినీ కూర్చోబెట్టి చెప్పాం. సమావేశాల్లో మాట్లాడే అలవాటు ఒకటుంది కదా, అక్కడితో ఆగలేదు. మనుస్మృతి రెండో అధ్యాయం ఎత్తుకున్నాం. బ్రాహ్మణుడి పేరు మంగళకరంగా, క్షత్రియుడిది బలం తోచేలా, వైశ్యుడిది ధనం తోచేలా, శూద్రుడిది ఏవగింపు కలిగేలా ఉండాలని అందులో రాసి ఉంది. "అందుకే మన వాడల్లో పెంటయ్యలు, పెంటమ్మలు. మన అమ్మ పేరే చూడండి. మనువు పెట్టిన పేరు. ఇవాళ్టితో ఆ మురికి కడిగేస్తున్నాం" అన్నాం.

అమ్మ పేరు పెంటమ్మ. ఎనభై దాటాయి. మంచం మీద కూర్చుని ఒత్తులు చేస్తోంది, విహారంలో దీపాలకు. ఒత్తి పక్కన పెట్టింది.

"ఏందర్రా, నా పేరు మురికా?" అంది.

ఎవరమూ మాట్లాడలేదు.

"మీటింగుల్లో చెప్తే ఊరుకున్నా. పది మందిలో ఎందుకులే అని. ఇరవై ఏళ్ల నుంచి ముందు వరసలో కూసోబెట్టి నా పేరు చెప్పి చప్పట్లు కొట్టించుకుంటన్నారు. మనువెవరో నాకు తెలవదు. నాకు పేరు పెట్టింది మా అమ్మ."

తర్వాత చెప్పింది. అంత వరకు మేమెవరమూ అడగలేదు కనుక ఆమె చెప్పలేదు. ఆమె కంటే ముందు ముగ్గురు పిల్లలు పుట్టి పోయారు. ఆమె పుట్టిన రోజే వాళ్లమ్మ చాటలో పడుకోబెట్టి తీసుకెళ్లి పెంట మీద పెట్టింది. పక్కింటామె వెళ్లి ఎత్తుకొచ్చి, పెంట మీద ఎవరో పారేసిన పిల్ల దొరికింది, కావాలా అని అడిగింది. గుప్పెడు నూకలిచ్చి కొనుక్కుంది వాళ్లమ్మ. ఎవరికీ అక్కరలేని పిల్ల అనుకుని చావు పక్కకు తప్పుకుపోవాలని. ఉత్తరాంధ్రలో తవుడిచ్చి కొన్నట్టు చేసి తవిటయ్య, తవిటమ్మ అని పెట్టుకున్నదీ ఇందుకే.

"మూడు గోతులు తవ్విన చేత్తో నన్ను పెంట మీద పెట్టింది. ఏడ్చుకుంటా పెట్టి ఉంటది. అది మురికంటారా?"

మేమిద్దరం ఆ రాత్రి సరిగా నిద్రపోలేదు. మేము సభల్లో చెప్పినది అబద్ధమా? కాదు. మనువు రాసినది రాసినట్టే ఉంది. ఆ పేరు పట్టుకుని మోతుబరులు అమ్మను "ఏమే పెంటా" అని పిలిచినదీ మా చెవులారా విన్నాం. చాటలో పెట్టి పెంట మీద పడుకోబెడితే చావు తప్పుతుందన్నది మూఢనమ్మకమే. పిల్లలను బతికించినవి టీకాలు, శుభ్రమైన నీళ్లు, సమయానికి ఆస్పత్రి. అందులోనూ అనుమానం లేదు. అయినా మేము ఒక మనిషిని లెక్కలోంచి తీసేశాం. మనువును తిట్టే తొందరలో, పైవాళ్ల ఏవగింపునే గొడుగు చేసి బిడ్డకు పట్టిన ఆ తల్లిని మరచిపోయాం. ఆమె చేతికి అందిన ఆయుధం అదొక్కటే.

మర్నాడు పొద్దున్నే అమ్మ దగ్గర కూర్చుని తప్పు ఒప్పుకున్నాం. ఆమె దానికి జవాబివ్వలేదు. వేరే అడిగింది.

"ఆ బోధిసిరి వాళ్లమ్మ పేరు ఉందా రాతి మీద?"

"ఉందమ్మా."

"వాళ్ల అవ్వ పేరు?"

"ఉంది."

"మరి నా పేరో?"

అప్పుడు శాసనం మళ్లీ తీశాం. మొదటిసారి చదివినప్పుడు గదులు, మండపాలు లెక్కపెట్టాం గానీ, వాటికి ముందు ఉన్న వరుస మీద కన్ను నిలపలేదు. బోధిసిరి తన దానం తన కోసమే అనలేదు. భర్త, తండ్రి, తల్లి, అన్నదమ్ములు, అక్కచెల్లెళ్లు, తాత, అవ్వ, మేనమామ, ఇలా ఇంటివాళ్లందరి కోసం అని పేరు పేరునా చెప్పింది. ఆ కుటుంబంలో ఇంకొందరి పేర్లలో కూడా బుద్ధ, బోధి మాటలు కనిపిస్తాయి. పుణ్యం పంచడమనే లెక్క సంగతి ఎలా ఉన్నా, నేను ఒక్కదాన్నే ఇక్కడికి రాలేదు, వీళ్లందరూ మోసుకొస్తే వచ్చాను అన్నది ఆ వరుస. అమరావతి స్తూపంలో పూర్ణఘటం పలక ఇచ్చిన విధికుడు గుర్తొచ్చాడు. అతను చమకార, తోలు పనివాడు. తన వృత్తిని పేరుకు ముందే రాయించుకున్నాడు. తల్లినీ భార్యనూ అన్నదమ్ములనూ పక్కన చేర్చుకున్నాడు. దాచుకోలేదు.

నామకరణం పౌర్ణమి రోజు పెట్టుకున్నాం. భంతే వచ్చి త్రిశరణాలు, పంచశీల చెప్పించారు. పేరు చెప్పే ముందు మేము ఒక కాగితం చదివాం. మునిమనవరాలికి ముందు ఎవరెవరున్నారో అందులో రాశాం. పేరు తెలియకుండా పోయిన ముగ్గురు పిల్లలనూ రాశాం. గుప్పెడు నూకలిచ్చి కూతుర్ని కొనుక్కున్న తల్లినీ రాశాం. ఆ కూతురు పెంటమ్మ. ఆమె మునిమనవరాలు బోధిసిరి. అందరూ సాధు, సాధు, సాధు అన్నారు. అమ్మ మాత్రం పిల్ల నోట్లోంచి వేలు తీస్తూ ఉండిపోయింది.

తర్వాత నమోదు దగ్గర ఒక చిన్న పని. గుమాస్తా బోధిశ్రీ అని టైపు చేశాడు. సిరి అంటే పల్లెటూరి మాటలా ఉంటుంది, శ్రీ అయితే పద్ధతిగా ఉంటుందన్నాడు. పల్లెటూరి మాటే కావాలని చెప్పి దిద్దించాం. మన వాళ్లకు చెప్పదలచినది ఒకటుంది. 1969 జనన మరణాల నమోదు చట్టం 14వ సెక్షన్ ప్రకారం పేరు లేకుండానే పుట్టుకను నమోదు చేయించవచ్చు. పేరును 12 నెలల లోపు రుసుము లేకుండా చేర్పించుకోవచ్చు, ఆ తర్వాత 15 ఏళ్ల వరకు ఆలస్య రుసుముతో చేర్చవచ్చు. తప్పు పడితే దిద్దించుకోవడానికి 15వ సెక్షన్ ఉంది. కాబట్టి నక్షత్రం వాళ్ల తొందరకు లొంగవద్దు. తీరిగ్గా వెతకండి. అక్షరం తప్పు పోనివ్వవద్దు.

ఇంకొక మాట కూడా చెప్పుకోవాలి. పిల్లలకు ధమ్మపు పేర్లు పెట్టండి. పెట్టే ముందు ఇంట్లో ముసలివాళ్లను మీ పేరు ఎవరు పెట్టారు, ఎందుకు పెట్టారు అని ఒక్కసారి అడగండి. జవాబు విన్నాకే సభలో మాట్లాడండి. మేము ఆ పని ఇరవై ఏళ్లు ఆలస్యంగా చేశాం.

ఇప్పుడు అమ్మ పిల్లను పూర్తి పేరుతో పిలవదు. ఒట్టి సిరి అంటుంది. మొన్న ఒళ్లో వేసుకుని నలుగు పెడుతూ మాకు వినబడేలా అంటోంది:

"సిరి యాడ నుంచి వచ్చుద్దనుకున్నారే మీ తాతావాళ్లు? పెంట తోలని చేలో సిరి పండుద్దా?"