ఇంటి గుట్టుకు ఒక మైకు

మెట్రో రాయదుర్గం దాకానే వస్తుంది. అక్కడి నుంచి గచ్చిబౌలికి షేర్ ఆటోనో, బస్సో ఎక్కాలి. శనివారం సాయంత్రాలు నేను మాత్రం నడుస్తాను. బయోడైవర్సిటీ జంక్షన్ దాటితే అన్నీ అద్దాల మేడలే. వాటి సందుల్లో అక్కడక్కడా పాత గుండ్లు మిగిలాయి. సుమారు 250 కోట్ల ఏళ్ల నాటి గ్రానైట్ అది. ఇంకాస్త ముందుకెళ్తే, 1974లో మొదలైన హైదరాబాద్ విశ్వవిద్యాలయం ఆవరణలో అవి ఒకదానిమీద ఒకటి నిలబడి కనిపిస్తాయి.

పగలు ఇక్కడ కోడ్ రాస్తాను. శనివారం రాత్రి ఓ కెఫే మేడ మీద కవిత చదువుతాను. స్పోకెన్ వర్డ్ అంటారు దీన్ని. కాగితానికి కాదు, గొంతుకు రాసే కవిత. 1980ల్లో షికాగోలో మార్క్ స్మిత్ అనే భవన నిర్మాణ కార్మికుడు మొదలుపెట్టిన కవితా పోటీలు దీనికి ఊపు తెచ్చాయి. హరికథలు, అవధానాలు విన్న మనకు గొంతెత్తి చెప్పడం కొత్త కాదు. ఇంటి సంగతి చెప్పడమే కొత్త. ఇంటి గుట్టు లంకకు చేటు అని కదా పెరిగాం!

మాది సిరిసిల్ల. ఇంట్లో సాంచెల చప్పుడుకు మాట వినపడేది కాదు. అవి ఆగిపోయాక బాపు మాట కూడా ఆగిపోయింది. నా కవితలన్నీ ఆ నిశ్శబ్దం గురించే. వినేవాళ్లు చాలామంది చుట్టుపక్కల హాస్టళ్ల పిల్లలే. డిప్రెషన్, యాంగ్జైటీ అనగానే తలలూపుతారు. తర్వాత డీఎల్ఎఫ్ దగ్గర దోసె బండి ముందు నిలబడి, ఒక్కొక్కరూ తమ ఇంటి కథ విప్పుతారు.

ఊళ్లో ఆ ఇంగ్లిష్ మాటలు నడవవు. మనసు బాలేదంటే చాలు, 'ఎర్రగడ్డకు తోలాలె' అని నవ్వేస్తారు. అందుకే పోయిన దసరాకు అమ్మకు ఫోన్‌లో నా కవిత వినిపించేటప్పుడు గుండె దడదడలాడింది.

"గిట్ల అందరి ముంగట చెప్తవా?" అంది. కాసేపాగి, మెల్లగా, "మీ బాపుకు గప్పటిసంది రందే బిడ్డా. రాత్రి నిద్ర గూడ పోతలేడు" అంది.

రంది. మనాది, బెంగ, గుబులు... ఇన్ని మాటలు మనకుండగా నేను ఇంగ్లిష్‌లో వెతుకుతున్నాను. ఆ రాత్రే కవితలో డిప్రెషన్ కొట్టేసి రంది అని రాశాను.

2022 అక్టోబరు 10న మొదలైన టెలీ మానస్ నంబరు 14416. పైసా ఖర్చు లేదు, తెలుగులోనూ మాట్లాడొచ్చు. చదివేటప్పుడు చివర్లో ఈ నంబరు కూడా చెప్తాను.

దీపావళికి ఇంటికెళ్లి, "బాపూ, రంది ఉన్నదా?" అని అడిగాను. చాలాసేపు నేల చూశాడు. తర్వాత లేచి అంగీ తొడుక్కున్నాడు. ఇద్దరం జిల్లా ఆసుపత్రికి వెళ్లాం.