ఆకాశంలో భూమి కనిపించే లోకం

1996 ఏప్రిల్‌లో టీవీ టోక్యోలో మొదలైన జపాన్ యానిమే సీరియల్ ‘ది విజన్ ఆఫ్ ఎస్కాఫ్లోనే’ ఆరు నెలల్లో 26 భాగాలతో ముగిసింది. మొదట అనుకున్నవి 39. భాగాలు తగ్గాయి గానీ కథ తగ్గలేదు.

ఆ ఇరుకు తెర మీద తెలిసిపోతుంది. రాజ్యాలు, డ్రాగన్లు, భారీ యంత్ర కవచాలు, హితోమి అనే అమ్మాయి చుట్టూ వాన్, అలెన్ అనే ఇద్దరు వీరులు, అన్నీ ఒకదాన్నొకటి తోసుకుంటూ వస్తాయి. శత్రు చక్రవర్తి డోర్న్‌కిర్క్ నిజానికి ఐజాక్ న్యూటన్ అంటారు. అంత పెద్ద మాట అన్నాక కథ అక్కడ కాసేపైనా నిలవదు. క్రూరుడైన డిలాండౌ అసలు ఎవరన్నదీ చివర్లో హడావిడిగానే తేలుతుంది. పాత్రల పొడుగాటి ముక్కుల గురించి అభిమానులే ఇప్పటికీ మాట్లాడుకుంటారు.

అయినా ఈ కథను వదులుకోలేకపోవడానికి కారణం హితోమి. పరుగు పందేలంటే ఇష్టం, టారో కార్డులతో జోస్యం చెప్పే అలవాటు ఉన్న స్కూలు పిల్ల గాయియా అనే లోకంలో వచ్చిపడుతుంది. అక్కడి ఆకాశంలో చంద్రుడి పక్కన భూమి వేలాడుతూ ఉంటుంది. రోజూ కళ్లెదుటే ఇల్లు, వెళ్లే దారే లేదు.

ఆమె జోస్యం వరంలా కాక భయంలా పనిచేస్తుంది. ఏది జరుగుతుందోనని వణుకుతుందో అదే ముంచుకొస్తుంది. రాకుమారి మిలెర్నా తన పెళ్లి గురించి కార్డులు చూడమన్నప్పుడు హితోమి అబద్ధం చెబుతుంది. మిలెర్నా మనసిచ్చిన అలెన్ మీద తనకూ మనసుంది మరి. ఒక నాయికకు ఇంత చిన్న, ఇంత నిజమైన తప్పు ఇవ్వడానికి ధైర్యం కావాలి. ఆ తడబాటుకు గొంతు ఇచ్చిన మాయా సకమోతోకు అప్పటికి 16 ఏళ్లు. యోకో కన్నో బాణీ కట్టిన ప్రారంభ గీతం పాడిందీ ఆమే.

2000లో అమెరికాలో ఫాక్స్ కిడ్స్ చానెల్ ఈ సీరియల్‌ను మగపిల్లల యుద్ధకథగా మార్చాలని చూసింది. హితోమి పాత్రను కుదించేసింది. భూమి మీద ఆమె బతుకును చూపించే మొదటి భాగాన్నే ఎత్తేసింది. ఏ ఇల్లు పోగొట్టుకుందో తెలియకపోతే ఆమె ఆకాశం వైపు ఎందుకు చూస్తోందో ఎవరికి అర్థమవుతుంది? కొన్ని వారాలకే ప్రసారం ఆగిపోయింది. పదమూడు భాగాలు పోయినా బతికిన కథ ఆ ఒక్క భాగం పోతే నిలబడలేకపోయింది. అదే ఏడు ఈ కథతోనే వచ్చిన సినిమాలో బొమ్మలు అద్భుతంగా ఉంటాయి. కానీ అందులోని హితోమి మొదటి నుంచీ బతుకు మీద విరక్తితో ఉంటుంది. అందుకే ఆమె దిగులు అంతగా తాకదు.

టీవీ కథ చివర్లో హితోమి తన లాకెట్‌ను వాన్ చేతిలో పెట్టి ఇంటికి వెళ్లిపోతుంది. ఆ ఎడబాటును ఒప్పుకోని అభిమానులు ఉన్నారు. కానీ అది తప్ప మరో ముగింపు ఆమెకు తగదు. ఇల్లు కావాలన్న కోరికతో నడిచిన కథ ఇల్లు చేరాలి కదా. 2016లో కొత్త ఇంగ్లిష్ డబ్బింగ్‌కు ప్రేక్షకులే చందాలు వేసుకున్నారు. తొలి ప్రసారంలో తెగిపోయిన సన్నివేశాలు కూడా అందులో చేరాయి.