సూదులు లెక్కపెడితే

సూర్యలంక తీరంలో సముద్రపు గాలికి హోరుమనే తోటల్ని చూసి పైన్ చెట్లనుకునేవాళ్ళు చాలామందే ఉంటారు. అవి సరుగుడు. దూరం నుంచి చూస్తే ఎవరైనా పొరబడతారు: వేలాడే సన్నటి పచ్చటి పోగులు, వాటి మధ్య గట్టి చిన్న కాయలు. చెట్టును పోల్చుకోవాలంటే దగ్గరికెళ్ళి ఒక రెమ్మ చేతిలోకి తీసుకోవాల్సిందే.

సరుగుడు పోగును రెండు చివర్లా పట్టుకుని మెల్లగా లాగండి. కణుపు దగ్గర టక్కున ఊడి వస్తుంది. ఊడినచోట చుట్టూ కంటికి ఆనీ ఆనని పళ్ళ వరస కనిపిస్తుంది. తీరాన పాతకాలం నుంచి ఉన్న రకంలో అవి ఏడో ఎనిమిదో ఉంటాయి. ఆ పళ్ళే దాని ఆకులు! మనం ఆకు అనుకున్నది పచ్చటి పుల్ల. పైగా సరుగుడు పూలు పూసే చెట్టు. పైన్‌కు పువ్వూ లేదు, పండూ లేదు. చెక్కలాంటి పొలుసుల మధ్య గింజను దాచుకునే అతి పాత జాతి అది.

పైన్ సూదికి కణుపులుండవు. మొదలు దగ్గర సన్నటి ఒర ఒకటి పట్టి ఉంచగా, సూదులు కట్టలుగా వస్తాయి. కట్టలో ఎన్నున్నాయో లెక్కపెట్టడంతోనే పైన్‌లను గుర్తుపట్టడం మొదలవుతుంది. ఉత్తరాఖండ్, హిమాచల్ కొండల దిగువ వాలుల్లో కనిపించే చీర్ పైన్‌కు మూడు. ఇంకా పైకెళితే ఎదురయ్యే బ్లూ పైన్‌కు అయిదు. అట్లాంటా, రాలీ వైపు స్థిరపడిన మనవాళ్ళ పెరళ్ళలో నిలువునా ఎదిగే లాబ్లాలీ పైన్‌కూ మూడే. దేవదారు సూదులు మాత్రం పొట్టిగా ఉండి, గుత్తులుగా చుట్టూ విచ్చుకుంటాయి. హైదరాబాదు ఇళ్ళ ముందు అంతస్తులుగా పెరిగే క్రిస్మస్ చెట్టు అరకేరియా, దానికి కట్టలే ఉండవు.

పైన్ గింజ మొలవడం పెద్ద కష్టమేమీ కాదు. మొలక గింజ తొడుగును టోపీలా నెత్తిన పెట్టుకుని లేస్తుంది. అది రాలగానే అరడజనుకు పైగా పచ్చటి సూదులు చుట్టూ తెరుచుకుంటాయి. అసలు చిక్కు ఆ తర్వాతే. పైన్ వేళ్ళకు ఒక తరహా శిలీంధ్రం తోడుండాలి. అది నేలలోని భాస్వరాన్ని వేళ్ళకు అందిస్తుంది. తోడు లేకపోతే మొక్క పసుపు తిరిగి గిడసబారిపోతుంది. పైన్ ఎరుగని దేశాల్లో తొలిసారి నాటినప్పుడు చాలాచోట్ల ఇదే జరిగింది. పెరిగిన పైన్‌ల కిందిమట్టిని నారుమడిలో కలిపాకే మొక్కలు తేరుకున్నాయి. అందుకే చీర్ పైన్ గింజలు తెచ్చుకునేవాళ్ళు ఆ చెట్టు కింద మట్టి కూడా గుప్పెడు తెచ్చుకోవాలి. అయినా మన మైదానాల ఎండకు దాన్ని తెచ్చి నిలబెట్టడం నాకు మనస్కరించదు. చల్లటి కొండగాలి మీద పెరిగే చెట్టు అది.

మన ఇసుకనేలకు సరుగుడే తగిన చెట్టు. 19వ శతాబ్దంలో మద్రాసు తీరాన రైలింజన్లకు కట్టె కోసం దీని తోటలు వేశారు. ఇప్పుడు నెల్లూరు, ప్రకాశం రైతులు కాగితం మిల్లులకూ, స్లాబు సెంట్రింగు కర్రలకూ పెంచుతున్నారు. ఇదీ వేళ్ళ దగ్గర తోడు పెట్టుకుంటుంది, అయితే అది బాక్టీరియా. మొక్కను మట్టితో సహా పెకిలించి చూడండి, వేళ్ళకు గోధుమరంగు బుడిపెలు గుత్తులుగా ఉంటాయి. గాలిలోని నత్రజనిని చెట్టుకు పట్టి పెట్టేవి అవే. గింజలు మరీ చిన్నవి, చీమలు ఎత్తుకుపోతాయి. నారుమడి పోసిన వెంటనే పైన గడ్డి పరచి, మొలక కనిపించేదాకా చీమల మీద ఓ కన్నేసి ఉంచాలి.