గురజాలలో అర నిమిషం

2023 ఏప్రిల్‌లో గురజాల వెళ్ళాను. పిడుగురాళ్ళ దాటిన దగ్గరనుంచీ నాపరాళ్ళ గోడలు, ఎండలో ఎర్రగా పరిచిన మిరపకాయలు. గురజాల అనగానే నలగామరాజూ, నాగమ్మా, కోడిపందెమూ గుర్తుకు వస్తాయి కదా! తెలుగు పాఠాలు చెప్పుకునే నాకూ అంతే. తీరా అక్కయ్య ఇంట్లో అడుగు పెట్టేసరికి వినవచ్చింది మాత్రం ‘నాటు నాటు’.

చంద్రబోసు రాసి, కీరవాణి బాణీ కట్టిన ఆ పాటకు అంతకు ముందు నెలలోనే ఆస్కారు వచ్చింది. 2021లో కీవ్ నగరంలో ఒక రాజభవనం ముందు ప్రేమ్ రక్షిత్ ఆడించిన అడుగులవి. (ఆ తరువాత ఆరు నెలలకే, పాపం, ఆ నగరం మీద బాంబులు పడ్డాయి.) భుజాల మీద చేతులు వేసుకుని కాళ్ళు విసురుతూ ఎవరికి వారే ఆడడం, ఫోనులో చిన్న సినిమా తీసి లోకం మీదికి వదలడం! ఢిల్లీలోని దక్షిణ కొరియా రాయబార కార్యాలయం వారు సైతం ఫిబ్రవరిలో ఆ పనే చేశారు.

మా మేనకోడలూ, పక్కింటి పిల్లా పది రోజులుగా సాధన చేస్తున్నారట. బావ ఒప్పుకోలేదు.

“ఇంట్లో ఎంతైనా ఆడుకోమను. ఊరూ పేరూ లేనివాళ్ళ ఫోన్లలో మా పిల్ల మొహం తిరగడానికి వీల్లేదు.”

“మామయ్యా, నువ్వు చెప్పు!” అంది మేనకోడలు, కళ్ళనీళ్ళతో.

ఏం చెప్పను? కాలేజీ వార్షికోత్సవంలో మా పెద్దమ్మాయిని ఆడనివ్వని సంగతి అప్పుడే గుర్తుకు రావాలా! మజ్జిగ తాగుతూ కూర్చున్నాను.

చివరికి ఏడో తరగతి మేనల్లుడు తెగ్గొట్టాడు: “మొహాలెందుకు, పాదాలే తీద్దాం!”

మిరపకాయలు ఓ వారకు నెట్టారు. ఫోనును మంచం కోడుకు ఆనించారు. అర నిమిషం సినిమా. నాపరాళ్ళ మీద నాలుగు పాదాలు, రెండింటికి పట్టీలు, మధ్యలో మిరప ఘాటుకు ఎవరిదో తుమ్ము. కీవ్ రాజభవనానికి మా అక్కయ్య వాకిలి ఏమీ తీసిపోలేదు.

బావ ఒకసారి చూశాడు. కళ్ళజోడు తుడుచుకుని మళ్ళీ చూశాడు.

“ఎడమకాలు వెనకబడింది. ఇంకోసారి తియ్యండి,” అంటూ తనే చీపురు తీసుకుని మిగిలిన మిరపకాయలు పక్కకు ఊడవసాగాడు.