రాయిలో ఉన్నదెంత, రాయి ఇచ్చేదెంత

ఏలూరు జిల్లా మెట్ట ప్రాంతంలో ఎర్రమట్టి కింద అక్కడక్కడా తెల్లగా, కొంచెం పసుపు చాయలో ఒక మెత్తటి రాయి బయటపడుతుంది. చేత్తో విరిస్తే పలకలు పలకలుగా ఊడివస్తుంది. భారత భూగర్భ సర్వే అధికారి విలియం కింగ్ ఇక్కడి రాళ్ల వరుసను పరిశీలించి, 1880లో అచ్చయిన నివేదికలో వాటికి స్థానిక ఊళ్ల పేర్లే పెట్టాడు. అడుగున గొల్లపల్లి ఇసుకరాయి, దాని మీద రాఘవాపురం షేల్, ఆ పైన తిరుపతి ఇసుకరాయి. ఈ తిరుపతి ఏడుకొండలవాడిది కాదు, ద్వారకా తిరుమల, అంటే మన చిన్న తిరుపతి.

మెట్టలో పాలిపోయి కనిపించే ఈ రాఘవాపురం షేల్ సముద్రం వైపు వాలుతూ పోయి, డెల్టా వరిచేల కింద కిలోమీటర్ల లోతుకు దిగిపోతుంది. గాలీ వానా తగలని ఆ లోతులో అది నల్లటి రాయి. నలుపంతా అందులో చిక్కుకున్న సేంద్రియ పదార్థానిదే. కృష్ణా గోదావరి బేసిన్‌లో చమురు, గ్యాస్‌లకు తల్లి రాళ్లలో ఇదొకటి. మండపేట ప్రాంతంలో దీనికంటే చాలా పాతది, బొగ్గు పొరలతో కలిసి ఉన్న కొమ్ముగూడెం షేల్ ఇంకొకటి. మండపేట ఇసుకరాయిలో దొరికిన గ్యాస్ ఆ కొమ్ముగూడెంలో పుట్టి పైకి చేరినదే.

పైకి చేరిన గ్యాస్ మనకు తెలుసు. కోనసీమలో దాని పైపులూ మంటలూ అందరూ చూసినవే. తల్లి రాయిలోనే ఉండిపోయింది ఎంత, అది బయటికి వస్తుందా అన్నదే షేల్ గ్యాస్ ప్రశ్న. ఈ ప్రశ్నకు జవాబు వెతికే పని ఎలా ఉంటుందో చూద్దామని విశాఖపట్నంలో ఒక రాతి పరీక్షల ల్యాబ్‌కు వెళ్లాను. రాళ్లు పంపిన కంపెనీలకు ఇచ్చిన మాట ప్రకారం తమ పేరు గానీ బావుల పేర్లు గానీ రాయొద్దని ముందే చెప్పారు. పెట్టెల మీద కూడా కోడ్ నంబర్లే ఉన్నాయి.

ముందు కోర్ గది చూశాను. బావి తవ్వేటప్పుడు మామూలుగా రాయి నలిగి పొట్టులా పైకి వస్తుంది. పరీక్షకు కావాలంటే బోలు బిట్ వేసి, గొట్టంలోకి రాతిని స్తంభంలా కోసి తీయాలి. అదే కోర్. సాధారణంగా ఒక గొట్టానికి 9 మీటర్లు. ఇది ఖర్చుతో కూడిన పని కాబట్టి బావి మొత్తానికీ తీయరు, ఎంచుకున్న లోతుల్లో తీస్తారు. ఇక్కడ అరల నిండా పొడుగాటి పెట్టెలు, వాటిలో ముంజేయంత మందాన నల్లటి రాతి దుంగలు. ప్రతి దుంగ మీదా నిలువునా రెండు గీతలు, ఒకటి ఎరుపు, ఒకటి నలుపు. నేను ఒక ముక్క తీసి చూసి తిరిగి పెట్టబోతుంటే, ఆ గదిని ఏళ్లుగా చూసుకుంటున్న పెద్దాయన చెయ్యి అడ్డం పెట్టారు.

“ఆయ్, ఎరుపు మీ కుడిచేతి వైపు ఉండాలి బాబూ. అప్పుడే పైది పైకి ఉన్నట్టు. ఒక్క ముక్క తిరగబడితే లోతు లెక్కంతా తిరగబడిపోద్ది.”

కొన్ని ముక్కలకు ప్లాస్టిక్ పొర, దాని మీద రేకు, పైన మైనం పూత ఉన్నాయి. ఎందుకని అడిగితే ల్యాబ్‌ను నడిపే ప్రొఫెసర్ గారు చెప్పారు. “రాయి పైకి వచ్చిన క్షణం నుంచీ అందులోని నీరు, చమురు, గ్యాస్ పోతూనే ఉంటాయండీ. మేం కొలిచేది మిగిలినదాన్ని. పోయినదాన్ని లెక్క కట్టాలి.”

ఆ లెక్క బావి దగ్గరే మొదలవుతుంది. కోర్ పైకి రాగానే కొన్ని ముక్కలను గాలి చొరని డబ్బాల్లో పెట్టి, భూమి లోపల ఉన్నంత వేడిలో ఉంచుతారు. రాయి వదిలే గ్యాస్‌ను రోజుల తరబడి కొలుస్తారు. చివరికి రాయిని పొడి చేసి లోపల మిగిలినది కూడా కొలుస్తారు. ఈ రెండూ చేతికందే అంకెలు. మూడోది, కోర్‌ను పైకి లాగుతున్నప్పుడే తప్పించుకుపోయిన గ్యాస్. దాన్ని కొలిచే దారి లేదు. డబ్బాలో మొదటి గంటల్లో గ్యాస్ వచ్చిన వేగం చూసి, గ్రాఫ్‌లో గీతను వెనక్కి పొడిగించి అంచనా వేస్తారు. కోర్ పైకి రావడం ఆలస్యమైన కొద్దీ ఆ అంచనా మీద భరోసా తగ్గిపోతుంది.

పక్క గదిలో నరసాపురం వైపు నుంచి వచ్చిన ఒక పరిశోధక విద్యార్థిని పైరాలిసిస్ యంత్రం ముందు కూర్చుని ఉంది. 1970లలో ఫ్రెంచ్ పెట్రోలియం సంస్థ రూపొందించిన రాక్ ఇవాల్ పద్ధతి ఇది. మెత్తగా నూరిన రాతిపొడిని 70 మిల్లీగ్రాములు, అంటే చిటికెడు కూడా కాదు, వేలి గోరంత గిన్నెలో వేసి తూచింది. గిన్నె కొలిమిలోకి పోయాక తెర మీద గ్రాఫ్ కదలడం మొదలైంది.

“ముందు 300 డిగ్రీల దగ్గర కాసేపు ఆపుతాం సార్. ఇప్పటికే చమురుగా, గ్యాస్‌గా తయారై రాతిలో ఊరికే ఉన్నదంతా ఇక్కడ బయటికొచ్చేస్తుంది. ఇదిగో, ఈ చిన్న గుట్ట అదే.”

తర్వాత వేడి నిమిషానికి 25 డిగ్రీల చొప్పున పెరుగుతూ పోయింది. తెర మీద రెండో గుట్ట లేచింది, మొదటిదానికంటే చాలా ఎత్తుగా. భూమి లోపల కోట్ల ఏళ్లలో ఇంకా పూర్తికాని వంటను కొలిమి నిమిషాల్లో ముగిస్తోంది. రాతిలోని కెరోజెన్ అనే ఘన సేంద్రియ పదార్థం పగిలి హైడ్రోకార్బన్‌లుగా మారుతోంది. ఆ గుట్ట శిఖరం ఏ వేడి దగ్గర వచ్చిందన్నది ముఖ్యం. సుమారు 435 డిగ్రీలకు తక్కువైతే రాయి ఇంకా పచ్చిది. అక్కడి నుంచి 465, 470 దాకా చమురు దశ. అది దాటితే గ్యాస్ దశ. మా గిన్నెలోని పొడి 440 దాటాక శిఖరం చూపింది.

“అంటే చమురు రాయే కదమ్మా?” అన్నాను.

“దీని ఒక్కదాంతో చెప్పలేం సార్. విట్రినైట్ కూడా చూడాలి.” బొగ్గుగా మారిన చెట్టు ముక్కల నునుపు ముఖం మీద మైక్రోస్కోప్ వెలుగు వేసి, ఎంత శాతం తిరిగి వస్తోందో కొలిచే పరీక్ష అది. రాయి ఉడికిన కొద్దీ మెరుపు పెరుగుతుంది. 0.6 శాతం దగ్గర చమురు పుట్టడం మొదలైతే, 1.3 దాటాక ప్రధానంగా గ్యాసే. రెండు పరీక్షలూ ఒకే మాట చెబితేనే ఆ అమ్మాయి రిజిస్టర్‌లో అంకె ఎక్కిస్తుంది.

ఇవన్నీ ఒక వైపు లెక్క. సేంద్రియ కార్బన్ ఎంత, ఏ రకం, ఎంత ఉడికింది. కార్బన్ 2 శాతమైనా లేకపోతే షేల్ కంపెనీలు సాధారణంగా అటువైపు చూడవు. చెరకు క్రషర్ దగ్గర కుండలోకి కారిన రసం మామూలు గ్యాస్ బావి అనుకుంటే, షేల్ గ్యాస్ అంటే పిప్పిలో మిగిలిన రసం. పిప్పి తడిగా ఉందని తెలుసుకోవడం దాకా ఈ పరీక్షలు చాలు. పిండితే వస్తుందా లేదా అన్నది వేరే గదుల్లో తేలుతుంది.

ఆ గదుల్లో మొదటిది పారగమ్యతది, అంటే రాతి గుండా గ్యాస్ ఎంత సులువుగా పారుతుందో కొలిచేది. ఇసుకరాయికైతే పని సులువు. గుండ్రటి బిళ్ల కోసి, ఒక పక్క నుంచి గ్యాస్ పంపి రెండో పక్క ఎంత వచ్చిందో చూస్తే సరి. షేల్‌లో బిళ్ల కోస్తుంటేనే పొరల వెంట విడిపోతుంది. నీళ్లు పోసి కోద్దామంటే అందులోని బంకమన్ను ఉబ్బుతుంది. అందుకని రాయిని నలగ్గొట్టి, మిల్లీమీటరులో సగానికి కొంచెం పైన ఉండే రేణువులను జల్లించి తీస్తారు. వాటిని గాలి చొరని చిన్న పాత్రలో పెట్టి హీలియం వదిలి, ఒత్తిడి ఎంత నెమ్మదిగా పడిపోతోందో కనిపెడతారు. మంచి ఇసుకరాయి పారగమ్యత వందల మిల్లీడార్సీలు. ఇక్కడి అంకెలు నానోడార్సీల్లో ఉంటాయి. ఒక్క మిల్లీడార్సీలో 10 లక్షల నానోడార్సీలు.

“ఈ అంకెను ఎంత నమ్మొచ్చండీ?” అని అడిగాను.

ప్రొఫెసర్ గారు దాచలేదు. “ఒకే రాతి ముక్కల్ని మూడు ల్యాబ్‌లకు పంపితే పదుల రెట్లు తేడా వచ్చిన సందర్భాలు ఈ రంగంలో అందరికీ తెలిసినవే. రాయి నలిగాక భూమి లోపలి బరువు దాని మీద ఉండదు కదా. అందుకే రిపోర్టులో అంకె పక్కన ఎలా కొలిచామో కూడా రాస్తాం. అది చదవకుండా అంకె ఒక్కటే తీసుకుపోయేవాళ్లే ఎక్కువ.”

ఎక్స్‌రే గదిలో ఖనిజాల లెక్క తేలుతుంది. షేల్‌ను నీటి ఒత్తిడితో పగలగొట్టాలి (దీన్నే ఫ్రాకింగ్ అంటారు), పడ్డ పగుళ్లు మూసుకుపోకుండా వాటిలో ఇసుక నిలబడాలి. క్వార్ట్జ్, సున్నపు ఖనిజాలు ఎక్కువున్న రాయి పెళుసుగా పగులుతుంది. బంకఖనిజాలు ఎక్కువైతే పగలకుండా వంగుతుంది, వేసిన ఇసుకను మెత్తగా మింగేస్తుంది. అమెరికాలో టెక్సస్‌లోని బార్నెట్ షేల్ ఉత్పత్తి చేసే చోట్ల సగానికి దగ్గరగా క్వార్ట్జే, బంకఖనిజాలు పావు వంతుకు కాస్త పైన.

చివరి గదిలో ఎలక్ట్రాన్ మైక్రోస్కోప్. షేల్‌ను మామూలుగా సానపడితే మెత్త ఖనిజాలు లేచిపోయి దొంగ రంధ్రాలు కనిపిస్తాయి. అందుకని ఆర్గాన్ అయాన్ల ధారతో దాని ముఖాన్ని చదును చేస్తారు. తెర మీద బూడిదరంగు ఖనిజాల మధ్య నల్లటి కెరోజెన్ ముద్ద ఉంది. పెద్దది చేసి చూపిస్తే ఆ నలుపు లోపలే జల్లెడలా చిల్లులు. 2009లో రాబర్ట్ లౌక్స్, ఆయన సహచరులు బార్నెట్ రాతిలో ఇలాంటి రంధ్రాలనే వర్ణించారు. వాటి పరిమాణం చాలావరకు 100 నానోమీటర్ల చుట్టుపక్కలే. గ్యాస్‌లో కొంత ఆ చిల్లుల్లో స్వేచ్ఛగా తిరుగుతుంది, కొంత వాటి గోడలకు అంటుకుని ఉంటుంది. ఒత్తిడి బాగా తగ్గితే తప్ప అంటుకున్నది వదలదు. కాబట్టి గ్యాస్ మొత్తం ఎంతన్నది ఒక లెక్క, బావి బతికినన్నాళ్లలో చేతికొచ్చేది ఇంకో లెక్క.

సాయంత్రం టీ తాగుతూ ప్రొఫెసర్ గారిని పెద్ద అంకెల గురించి అడిగాను. 2013లో అమెరికా ఇంధన సమాచార సంస్థ మన దేశంలో నాలుగు బేసిన్‌లలో వెలికితీయదగ్గ షేల్ గ్యాస్ 96 లక్షల కోట్ల ఘనపుటడుగులని అంచనా వేసింది. అందులో సగానికి పైగా కృష్ణా గోదావరి బేసిన్‌దే. అంతకు ముందు సంవత్సరం అదే దేశపు భూగర్భ సర్వే మూడు బేసిన్‌లకు ఇచ్చిన సగటు అంచనా 6.1 లక్షల కోట్లు. దామోదర్ బేసిన్ ఒకటి తక్కువైనంత మాత్రాన ఇంత తేడా రాదు.

“ఇద్దరూ అబద్ధం చెప్పలేదు. ఇద్దరి దగ్గరా కోర్ తక్కువ. కోర్ లేని చోట ఊహలు కూర్చుంటాయి,” అన్నారాయన.

పోలండ్ అనుభవం ఆయనే గుర్తుచేశారు. 2011లో ఆ దేశానికి 187 లక్షల కోట్ల ఘనపుటడుగులని అమెరికా సంస్థ చెబితే, మరుసటి ఏడు పోలండ్ భూగర్భ సంస్థ పాత బావుల సమాచారంతో లెక్క వేసి అందులో ఏడో వంతుకు అటూఇటూగానో, ఇంకా తక్కువో ఉండొచ్చంది. బావులు తవ్విన పెద్ద కంపెనీలు ఒక్కొక్కటే వెనుదిరిగాయి. బార్నెట్‌లో జరిగింది దీనికి తలకిందులు. జార్జ్ మిచెల్ కంపెనీ అక్కడ మొదటి బావి వేసింది 1981లో. నీరే ప్రధానంగా వాడిన ఫ్రాకింగ్ ఫలించింది 1998లో. ఆ తర్వాత కొత్త కోర్ తీసి గ్యాస్‌ను మళ్లీ కొలిస్తే, రాతిలో ఉన్నది అంతవరకూ అనుకున్నదానికి కొన్ని రెట్లని తేలింది. కొలత కిందికీ దించుతుంది, పైకీ లేపుతుంది.

మన దేశంలో దుర్గాపూర్ దగ్గర ఓఎన్‌జీసీ ప్రయోగ బావిలో షేల్ నుంచి గ్యాస్ వచ్చింది 2011 జనవరిలో. 2013లో ప్రభుత్వ కంపెనీలకు షేల్ అన్వేషణ విధానం వచ్చింది, 2018లో ఇతరులకూ దారి తెరిచారు. వాణిజ్య ఉత్పత్తి మాత్రం లేదు. డెల్టాలో సంగతి ఇంకా చిక్కు. ఒక్కో బావి ఫ్రాకింగ్‌కు కోటి లీటర్ల లెక్కన నీళ్లు కావాలి, కాలవ నీటి కోసం రైతులు వంతులు కాసే చోట. ఆ నీళ్లు అడిగే ముందు కింద రాయి ఏమిస్తుందో గట్టిగా చెప్పగలగాలి.

అందుకే ఈసారి డెల్టా కింద ఇన్ని లక్షల కోట్ల ఘనపుటడుగుల గ్యాస్ ఉందని పేపర్లో వస్తే నేను అడిగేవి మూడే ప్రశ్నలు: ఎన్ని మీటర్ల కోర్ తీశారు? పారగమ్యత ఏ పద్ధతిలో కొలిచారు? బంకమన్ను ఎంత శాతం? ఈ మూడింటికీ జవాబు లేని అంకె ఎంత పెద్దదైనా, దాని మీద ఒక్క కాలవ నీళ్లు కూడా మళ్లించకూడదు.